ఒక్క ఫైలు, అందరి తెలుగు

నాతవరం అనే ఊరి పేరును చూపించడానికి కంప్యూటర్‌కు పెద్ద కష్టం లేదు. ఆ పేరులో ఒక్క ఒత్తూ లేదు. పక్కనున్న నర్సీపట్నానికో, జిల్లా కేంద్రమైన అనకాపల్లికో వచ్చేసరికి పని పెరుగుతుంది. అనకాపల్లి చివరి అక్షరం మెమరీలో ల, పొల్లు, ల, గుడి అనే నాలుగు సంకేతాల వరస. తెర మీద మాత్రం గుడి మొదటి ల మీదికి ఎక్కాలి, రెండో ల ఒత్తుగా మారి కిందికి దిగాలి. మనం తెరిచిన యాప్‌కు సాధారణంగా ఈ విద్య తెలియదు. ఫోనులో ఉన్న ఒక ఉమ్మడి లైబ్రరీ ఫైలును అడిగి ఆ పని చేయించుకుంటుంది. తెలుగు కంప్యూటర్‌లోకి వచ్చిన కథలో ఫాంట్ల గురించి, కీబోర్డుల గురించి చాలానే చెప్పుకుంటాం. ఈ ఫైళ్ల ఊసు ఎవరూ ఎత్తరు. అసలు మలుపు అక్కడే ఉందని నా నమ్మకం.

లైబ్రరీ అన్న ఆలోచన కంప్యూటరంత పాతది. కేంబ్రిడ్జ్‌లో 1949లో ఎడ్‌శాక్ యంత్రం నడక మొదలుపెట్టాక మారిస్ విల్క్స్, డేవిడ్ వీలర్, స్టాన్లీ గిల్ తరచూ అవసరమయ్యే లెక్కల ముక్కలను కాగితపు టేపుల మీద గుచ్చి దాచారు. కావలసినవాళ్లు ఆ ముక్కను తమ టేపులోకి నకలు చేసుకునేవారు. శ్రమ తగ్గింది గానీ మెమరీ ఆదా కాలేదు, ఎవరి నకలు వారిదే కాబట్టి. 1965 ప్రాంతంలో ఎంఐటీలో రూపుదిద్దుకున్న మల్టిక్స్ ఆపరేటింగ్ సిస్టమ్ ఈ లోటు తీర్చింది. మెమరీలో ఒకే ప్రతి ఉంటుంది, నడుస్తున్న ప్రోగ్రాములన్నీ అవసరమైనప్పుడు దానితో ముడిపడతాయి. నాతవరం మండలంలోని తాండవ జలాశయం ఎన్నో ఊళ్ల పొలాలకు నీళ్లందిస్తున్నట్టే ఇదీ. పొలానికో చెరువు తవ్వక్కర్లేదు. ఉమ్మడి లైబ్రరీలకు తర్వాత తోడైన మరో ఆలోచనా అప్పుడే పుట్టింది. అదే 1965లో విల్క్స్, తరచూ వాడే సమాచారాన్ని చిన్నదైన వేగవంతమైన మెమరీలో దగ్గర పెట్టుకోవాలని ఒక వ్యాసంలో ప్రతిపాదించాడు. ఈనాటి క్యాష్ మెమరీకి మూలం అదే. ఐబీఎం 1968లో ప్రకటించిన 360 మోడల్ 85 దాన్ని వ్యాపార యంత్రంలోకి తెచ్చింది.

తర్వాతి అడుగులు ఒక్కొక్కటిగా పడ్డాయి. 1985లో విండోస్ తొలి రూపం 256 కిలోబైట్ల మెమరీతోనే సరిపెట్టుకోవాల్సి రావడంతో డీఎల్‌ఎల్ అనే ఉమ్మడి లైబ్రరీ ఫైళ్లను ఆశ్రయించింది. 1988లో సన్‌ఓఎస్ 4.0 యూనిక్స్ లోకానికి షేర్డ్ లైబ్రరీలను అలవాటు చేసింది. లినక్స్ అయితే ఏ లైబ్రరీ ఏ చోట ఉందో ప్రతిసారీ వెతక్కుండా ఆ చిరునామాలన్నిటినీ ఒక క్యాష్ ఫైలులో రాసిపెట్టుకుంటుంది.

ఇంత జరుగుతున్నా తెలుగు మాత్రం చాలాకాలం ఎవరి నకలు వారిదే అన్న దశలోనే ఉండిపోయింది. డీటీపీ షాపుల్లో అను ఫాంట్లు, వెబ్‌లో పత్రికకో సొంత ఫాంటు. ఒక ఫాంటులో కొట్టిన వార్త మరో ఫాంటులో తెరిస్తే పిచ్చిగీతలే. 1991లో యూనికోడ్ తొలి ప్రతిలోనే తెలుగుకు స్థానం దొరికింది. అక్షరాలకు సంకేత సంఖ్యలైతే వచ్చాయి, వాటిని అక్షరాలుగా పేర్చేవారే లేరు. ఆ పని 2001లో విండోస్ ఎక్స్‌పీతో జరిగింది. గౌతమి ఫాంటు, దాన్ని నడిపించే యూఎస్‌పీ10.డీఎల్‌ఎల్ అనే ఫైలు కలిసి వచ్చాయి. తిరుమల కృష్ణదేశికాచార్యుల పోతన, వేమన ఫాంట్లు ఆ దారినే విస్తరించాయి. ఫాంటులోని పట్టికలను మాటమాటకీ తిరగేస్తే ఆలస్యం కనుక, ఒకసారి చదివిన వివరాలను క్యాష్‌లో దాచుకునే ఏర్పాటు కూడా ఆ ఫైలులోనే ఉంది. అప్పటినుంచి నోట్‌ప్యాడ్‌లో రాసినా, బ్రౌజర్‌లో చదివినా తెలుగు ఒక్కటే అయింది. 2003 డిసెంబరులో వెన్న నాగార్జున తెలుగు వికీపీడియా మొదలుపెట్టేనాటికి కాలు మోపడానికి నేల సిద్ధంగా ఉంది.

పంచుకోవడంలో ప్రమాదమూ ఉంది. ఆపిల్ 2009లో ఐఫోన్ 3.1 సాఫ్ట్‌వేర్ నుంచి వ్యవస్థ లైబ్రరీలన్నిటినీ ఒకే పెద్ద క్యాష్ ఫైలుగా కలిపేసింది. అక్షరాలు పేర్చే కోర్‌టెక్స్ట్ కూడా అలా పంచుకునే లైబ్రరీయే. 2018 ఫిబ్రవరిలో ఒక తెలుగు అక్షరం ఐఫోన్లను కూల్చేస్తోందని ప్రపంచమంతా వార్తలొచ్చాయి. పాపం జ్ఞా మీద పడింది. నిజానికి మామూలుగా రాసే జ్ఞానంతో ఏ ఇబ్బందీ లేదు. జ్ఞ తర్వాత, దీర్ఘానికి ముందు, కంటికి కనిపించని విడదీత సంకేతం ఒకటి చేరినప్పుడే చిక్కు. బెంగాలీలోనూ అలాంటి వరసలకు అదే గతి పట్టింది. కోర్‌టెక్స్ట్ ఆ వరసను పేర్చబోయి మెమరీని పాడుచేసుకునేది. సందేశాల యాప్, వాట్సాప్, చివరికి నోటిఫికేషన్ చూపే హోమ్ స్క్రీన్ కూడా కూలాయి. ఉమ్మడిగా ఉన్నది కోడ్ మాత్రమే, ఏ యాప్ డేటా దానిదే. అయినా అందరూ అదే కోడ్‌లోకి అడుగుపెట్టి ఒకే గుంటలో పడ్డారు. ఫిబ్రవరి 19న వచ్చిన ఐఓఎస్ 11.2.6 ఆ గుంట పూడ్చింది. ఏ యాప్‌నూ మార్చకుండానే అన్నీ ఒకేసారి బాగుపడ్డాయి.

ఆ వార్తల్లో మన లిపిని వింత జంతువులా చూపించారు. అది నాకు ఇప్పటికీ బాధే. లోపం లిపిది కాదు, తగినంత పరీక్షించని కోడ్‌ది. పరీక్షిస్తే ఎలా ఉంటుందో అప్పటికే ఒక ఉదాహరణ ఉంది. ఆండ్రాయిడ్, క్రోమ్, ఫైర్‌ఫాక్స్, లిబ్రెఆఫీస్ వాడుకునే హార్ఫ్‌బజ్ లైబ్రరీని బెహ్దాద్ ఎస్ఫాబోద్ తీర్చిదిద్దుతున్నప్పుడు, 2012 ప్రాంతంలో, భారతీయ లిపులకు వికీపీడియా మాటలనే పరీక్షకు పెట్టారు. దాదాపు 9 లక్షల 70 వేల తెలుగు మాటలను హార్ఫ్‌బజ్‌తో ఒకసారి, మైక్రోసాఫ్ట్ లైబ్రరీతో ఒకసారి పేర్చి ఫలితాలను పోల్చారు. తేడా వచ్చిన మాటలు ఇరవైకి లోపే. ఆ మాటలను పోగుచేసింది జీతం లేకుండా, ఊరి పేర్లూ ఏటి పేర్లూ ఒక్కొక్కటిగా ఎక్కించిన తెలుగు వికీపీడియన్లు.