సింగిల్ మదర్ వ్లాగ్స్: ఫోన్‌తో ఆదాయం నిజమేనా? భరణం, పింఛను, పిల్లల ప్రైవసీ సంగతేంటి?

నల్లమాడ: పొద్దున్నే పిల్లల టిఫిన్ బాక్సులు, ఆ తర్వాత శెనక్కాయ చేలో కలుపు కూలి, రాత్రికి రాగి సంగటి, ఊరుబిండి.. ఇందులో వింతేముంది అనుకుంటున్నారా? మీ ఫోన్‌లో లక్షల వ్యూస్ వచ్చే వ్లాగ్స్‌లో ఉండేది సరిగ్గా ఇదే. భర్త చనిపోయిన, విడిపోయిన, వదిలేసి వెళ్లిన తల్లులు తమ రోజువారీ జీవితాన్ని వీడియోలుగా పెడుతున్నారు. కొందరికి అది తోడు, కొందరికి ఆదాయం. అయితే కెమెరా ఆన్ చేసే ముందు తెలుసుకోవాల్సినవి చాలానే ఉన్నాయి.

కరవు నేలలో ఫోన్ ఎందుకు ముఖ్యం?

నల్లమాడ ఒకప్పుడు అనంతపురం జిల్లా మండలం. 2022 ఏప్రిల్ 4 నుంచి శ్రీ సత్యసాయి జిల్లాలో ఉంది. ఉమ్మడి అనంతపురంలో ఏడాదికి సగటున కురిసే వాన దాదాపు 550 మి.మీ. మాత్రమే. వాన తప్పితే శెనక్కాయ పంట పోతుంది, కూలి పోతుంది, బెంగళూరుకు వలస మొదలవుతుంది. పిల్లలతో ఒంటరిగా ఉన్న తల్లికి వలస వెళ్లడం కూడా అంత సులువు కాదు. 2016 సెప్టెంబర్‌లో జియో వచ్చాక డేటా చౌక కావడంతో, ఇంట్లో ఉండే నాలుగు డబ్బులు సంపాదించొచ్చన్న ఆశ పల్లెలకూ చేరింది. 2020 జూన్ 29న టిక్‌టాక్‌ను నిషేధించాక చాలామంది యూట్యూబ్, ఇన్‌స్టాగ్రామ్ వైపు మళ్లారు.

దారి చూపిన తెలుగు అవ్వలు

గుంటూరు జిల్లా తెనాలి దగ్గర గుడివాడ గ్రామానికి చెందిన మస్తానమ్మ గుర్తున్నారా? 22 ఏళ్లకే భర్తను పోగొట్టుకుని, కూలి చేసి బతికిన మనిషి. 2016లో ‘కంట్రీ ఫుడ్స్’ ఛానల్‌లో కట్టెల పొయ్యి వంటలతో వందేళ్లు దాటిన వయసులో ప్రపంచానికి పరిచయమయ్యారు. పుచ్చకాయలో వండిన చికెన్ వీడియో అప్పట్లో తెగ వైరల్. ఆమె 2018 డిసెంబర్‌లో కన్నుమూశారు.

జగిత్యాల జిల్లా లంబాడిపల్లికి చెందిన గంగవ్వది మరో కథ. పొలం పనులు చేసి, బీడీలు చుట్టి కష్టపడ్డ ఆమె ‘మై విలేజ్ షో’ ద్వారా స్టార్ అయ్యారు. 2020లో బిగ్‌బాస్ తెలుగు నాలుగో సీజన్‌లోకీ వెళ్లారు.

ఈ ఇద్దరి వెనుక ఒక కామన్ పాయింట్ ఉంది. కెమెరా, ఎడిటింగ్, ఛానల్ వ్యవహారాలు చూసే మనుషులు వారి పక్కనే ఉన్నారు. ఒంటరి తల్లికి చాలాసార్లు ఆ తోడు ఉండదు. షూటింగ్, ఎడిటింగ్, కామెంట్లకు సమాధానం.. అన్నీ పిల్లలు పడుకున్నాక తనే చేసుకోవాలి.

డబ్బులు ఎప్పుడు వస్తాయి?

వీడియో పెట్టగానే డబ్బులు రావు. యూట్యూబ్‌లో యాడ్ ఆదాయం రావాలంటే 1,000 మంది సబ్‌స్క్రైబర్లు ఉండాలి. దాంతోపాటు ఏడాదిలో 4,000 గంటల వాచ్ టైమ్ లేదా 90 రోజుల్లో షార్ట్స్‌కు కోటి వ్యూస్ రావాలి. ఆ తర్వాత మామూలు వీడియోల మీద యాడ్ ఆదాయంలో 55 శాతం, షార్ట్స్‌పై 45 శాతం క్రియేటర్ వాటా. ఖాతాలో 100 డాలర్లు చేరితేనే బ్యాంకుకు జమవుతుంది.

ఇక్కడే చాలామంది పొరపాటు పడతారు. తమ్ముడి పేరుతోనో, పక్కింటి కుర్రాడి మెయిల్‌తోనో ఛానల్ తెరుస్తారు. రేపు గొడవ వస్తే ఛానల్, డబ్బు రెండూ వాళ్ల చేతుల్లోనే ఉంటాయి. జీమెయిల్, ఫోన్ నంబర్, బ్యాంకు ఖాతా, పాన్.. నాలుగూ తల్లి పేరు మీదే ఉండాలి. పాన్ కార్డుకు భర్త పేరు అక్కర్లేదు, తండ్రి పేరే అడుగుతారు. పెంచింది తల్లి ఒక్కతే అయితే, 2018 డిసెంబర్ 5 నుంచి తల్లి పేరుతోనే పాన్ తీసుకోవచ్చు.

అమెరికా ట్యాక్స్ ఫామ్‌ను కూడా మరిచిపోవద్దు. అది నింపకపోతే మొత్తం ఆదాయంలో 24 శాతం దాకా కట్ అయ్యే అవకాశం ఉంది. నింపితే అమెరికాలో చూసినవాళ్ల ద్వారా వచ్చిన ఆదాయం వరకే కోత పడుతుంది.

భరణం ఆగిపోతుందా?

విడిపోయిన తల్లులను భయపెట్టే ప్రశ్న ఇదే. భార్య సంపాదిస్తోంది అన్న ఒక్క కారణంతో భరణం హక్కు పోదు. రజనీశ్ వర్సెస్ నేహా కేసులో 2020 నవంబర్ 4న సుప్రీంకోర్టు ఈ విషయం స్పష్టం చేసింది. అయితే అదే తీర్పు ప్రకారం భార్యాభర్తలిద్దరూ ఆదాయం, ఆస్తుల వివరాలు అఫిడవిట్‌లో చెప్పాలి. యూట్యూబ్ ఆదాయం దాస్తే అవతలి లాయర్ ఆ వీడియోలనే కోర్టు ముందు పెడతాడు. కాబట్టి నెలనెలా ఎంత వచ్చిందో రాసి పెట్టుకోవడం మేలు. కేసు నడుస్తుండగా భర్త గురించి, అత్తింటివారి గురించి వీడియోల్లో మాట్లాడకపోవడం ఇంకా మేలు.

పింఛను సంగతి కూడా చూడాలి. ఏపీలో వితంతువులకు, ఒంటరి మహిళలకు 2024 జులై నుంచి నెలకు రూ.4,000 పింఛను ఇస్తున్నారు. అర్హతలో కుటుంబ ఆదాయాన్నీ చూస్తారు. ఆదాయం పెరుగుతుంటే సచివాలయంలో ముందే అడిగి తెలుసుకోండి.

పిల్లలను చూపించాలా?

వ్యూస్ ఎక్కువ తెచ్చేది పిల్లలే, ప్రమాదమూ వాళ్లకే. చిన్న ఊళ్లో స్కూల్ యూనిఫాం, బస్సు, గుడి గోపురం కనిపిస్తే చాలు, ఇల్లు ఎక్కడో తెలిసిపోతుంది. ఇంట్లో మగదిక్కు లేదని చెబుతూ ఇంటి గుర్తులు చూపించడం మరీ ప్రమాదకరం. స్నానం చేసేటప్పుడు, ఏడ్చేటప్పుడు, జబ్బుగా ఉన్నప్పుడు పిల్లలను షూట్ చేయొద్దు. ఎక్కడికైనా వెళ్తే తిరిగి వచ్చాకే వీడియో పెట్టాలి.

పిల్లల వాటా మాటేమిటి? అమెరికాలోని ఇల్లినాయ్ రాష్ట్రంలో 2024 జులై 1 నుంచి వ్లాగ్స్‌లో కనిపించే పిల్లల కోసం ఆదాయంలో కొంత పక్కన పెట్టాలనే చట్టం వచ్చింది. మన దేశంలో బాల నటుల విషయంలో 2017 నుంచి ఇలాంటి నిబంధనే ఉంది. వాళ్ల సంపాదనలో కనీసం 20 శాతం ఫిక్స్‌డ్ డిపాజిట్ చేయాలి. వ్లాగ్ చేసే తల్లి కూడా ఇదే లెక్క పాటిస్తే పిల్లల చదువుకు భరోసా.

వేధిస్తే ఏం చేయాలి?

వెంటపడి మెసేజ్‌లు పెట్టడం, ఆన్‌లైన్‌లో నిఘా వేయడం భారతీయ న్యాయ సంహిత సెక్షన్ 78 కింద నేరం. ప్రైవేట్ ఫొటోలు పెడితే ఐటీ చట్టం సెక్షన్ 66ఈ వర్తిస్తుంది. కామెంట్ డిలీట్ చేసే ముందు స్క్రీన్‌షాట్, లింక్, తేదీ దాచుకోవాలి.

- ఆన్‌లైన్‌లో డబ్బు మోసపోతే: 1930
- మహిళా హెల్ప్‌లైన్: 181
- చైల్డ్‌లైన్: 1098

‘డబ్బు కడితే మానిటైజేషన్ ఇప్పిస్తాం’ అని ఎవరైనా ఫోన్ చేస్తే అది మోసమే. ఓటీపీ చెప్పొద్దు, టూ స్టెప్ వెరిఫికేషన్ ఆన్ చేసుకోండి.

చూసేవాళ్లకూ ఒక మాట. ‘మీ ఆయన ఎక్కడ?’ అనే కామెంట్ మీకు రెండు సెకన్ల పని. అవతల ఆ తల్లి దాన్ని పిల్లల పక్కన కూర్చుని చదువుకుంటుంది. వంట నచ్చితే లైక్ కొట్టండి, నచ్చకపోతే స్క్రోల్ చేసేయండి.