మన చిత్రాలలో భూమి, అడవి

తెలుగు చలనచిత్రాలలో రైతు చాలాకాలం పాటకు పనికొచ్చిన మనిషే. 1939లో గూడవల్లి రామబ్రహ్మం తీసిన ‘రైతుబిడ్డ’ అందుకు మినహాయింపు. చల్లపల్లి జమీందారు సొమ్ముతో తయారైన చిత్రం జమీందారీ దౌర్జన్యాన్ని ఎండగట్టడం, తోటి జమీందారులకు కోపం వచ్చి అది నిషేధానికి గురికావడం ఒక వింత! 1955లో తాపీ చాణక్య ‘రోజులు మారాయి’ భూమి సమస్యను మళ్ళీ ఎత్తుకున్నది. అయినా ఆ పేరు వినగానే ముందు జ్ఞాపకం వచ్చేది వహీదా రెహమాన్ నాట్యమే. దీన్ని ప్రేక్షకుల దోషమనలేము. కష్టాన్ని చూపినంత సేపూ తెర బిగుసుకుపోయి, పాట రాగానే ప్రాణం పోసుకున్నది.

1980లో విడుదలైన ‘మాభూమి’తో ఈ పద్ధతి తారుమారయింది. కృష్ణచందర్ నవల ఆధారంగా, బి. నర్సింగరావు నిర్మాణంలో, గౌతం ఘోష్ అనే బెంగాలీ యువకుడు దర్శకత్వం వహించాడు. భుజాన గొంగడి, చేత కర్రతో గద్దర్ పాడే దృశ్యం తెలియనివారు అరుదు. బండి యాదగిరి కట్టిన ఆ పాట కథను ఆపదు. కథే పాటగా మారుతుంది. పాడేవాడు నటుడుగా కాక, గుంపులోనుంచి లేచి నిలబడ్డవాడుగా కనిపిస్తాడు. పసులకాపరి పిల్లవానిపై సుద్దాల హనుమంతు రాసిన పాట సంధ్య గొంతులో వినిపించినప్పుడూ అంతే. ఇది విలాసం కాదు, సాక్ష్యం.

నర్సింగరావే 1988లో ‘దాసి’ తీశాడు. ఇక్కడ పాట లేదు, మాటలూ తక్కువే. దొర గడీలో అర్చన ధరించిన కమలాక్షి మౌనంగా పనులు చేస్తూనే ఉంటుంది. ఎ.కె. బీర్ కెమెరా తొందరపడదు. దాస్యం ఒక్క దెబ్బలో లేదు, తెల్లవారితే మళ్ళీ మొదలయ్యే చాకిరీలో ఉన్నదని ఆ నిదానమే చెబుతుంది. నా దృష్టిలో ‘మాభూమి’ కంటె ఇదే గట్టి చిత్రం.

అయితే ఏన్కూరు వంటి అడవి అంచు ఊళ్ళ ప్రేక్షకునికి ఒక వెలితి కనిపిస్తుంది. 1948 సెప్టెంబరులో సైన్యం ప్రవేశించాక దళాలు పాల్వంచ, ఇల్లెందు అడవులకు చేరాయి. వాటికి అన్నం పెట్టారన్న నేరానికి కోయ గూడేలను తగులబెట్టి, జనాన్ని శిబిరాలలోకి తరిమారు. ‘మాభూమి’ ఆ గూడేలదాకా నడవలేదు. 1974 నాటి ‘అల్లూరి సీతారామరాజు’లో మన్యం ప్రజలున్నారు, కాని నాయకుని వెనుక నిలిచిన గుంపుగానే. 2022 నాటి ‘ఆర్ఆర్ఆర్’లో గోండు వీరుడు కొమరం భీం కథానాయకుడయ్యాడు, అతని పోరాటానికి మూలమైన జల్, జంగల్, జమీన్ సమస్య మాత్రం కథకు అంచునే మిగిలింది.