ఆర్థరు పీఠం: ఒక చిన్న కొండ సాక్ష్యం

స్కాట్లండు రాజధాని ఎడింబరో నగరంలో ఆర్థర్స్ సీట్, అనగా ఆర్థరు పీఠం, అనే కొండ ఒకటి ఉన్నది. దాని ఎత్తు 251 మీటర్లు మాత్రమే. మన తిరుమల కొండల ప్రక్కన అది మరుగుజ్జు. అయినను భూమి వయస్సును గూర్చి మానవుడు సాగించిన విచారణలో దానికి గొప్ప స్థానమున్నది.

సుమారు 34 కోట్ల సంవత్సరాల క్రిందట అది నిప్పులు గ్రక్కిన అగ్నిపర్వతం. నగరపు కోట నిలిచిన శిల కూడ ఆనాటి అగ్నిపర్వత క్రియలో పుట్టినదే. మంటలు చల్లారిన పిదప ఆ పర్వతంపై ఇసుక, మట్టి పొరలుగా పేరుకొని దానిని కప్పివేసినవి. యుగాల తరబడి కోత సాగినది. హిమయుగంలో పడమటినుండి కదలివచ్చిన మంచుగడ్డలు మెత్తని రాతిని గీచివేయగా, గట్టిరాయి మిగిలినది. నేడు కనిపించేది ఆ పర్వతపు అస్థిపంజరమే.

కొండకు పడమటివైపున సాలిస్‌బరీ క్రాగ్స్ అనే నిటారైన రాతిగోడ ఉన్నది. అగ్నిపర్వతం ఆరిపోయిన చాలాకాలానికి, శిలాద్రవం మరల పైకి పొంగి, నేలపైకి రాక, అవక్షేపశిలల పొరల నడుమ చొచ్చుకొని అక్కడనే ఘనీభవించినది.

ఎడింబరోలోనే జన్మించిన జేమ్స్ హట్టన్ (1726–1797) ఈ గోడను శ్రద్ధగా పరిశీలించినాడు. శిలలన్నియు ఆదిమ సముద్రజలంలో అడుగున పేరుకొన్నవేనని ఆనాడు పలువురు పండితుల విశ్వాసం. కాని ఇక్కడ అడుగుపొరలు వంగి, విరిగి ఉన్నవి. వాటి తునకలు నల్లరాతిలో చిక్కుకొని ఉన్నవి. విరిగినదానికంటె విరిచినది తరువాత వచ్చినదని, అది ద్రవరూపాన వచ్చినదని ఆయన గ్రహించినాడు. 1785లో ఎడింబరో రాయల్ సొసైటీ ముందు ఆయన వినిపించిన సిద్ధాంతానికి ఇట్టి శిలలే సాక్షులు. భూమి వయస్సు ఆరువేల ఏండ్లని లెక్కించే కాలంలో, అది లెక్కకందని దీర్ఘకాలమని చెప్పుట సామాన్యమైన సాహసం కాదు.

ఆ సాక్ష్యాన్ని బయటపెట్టినది రాళ్ళు కొట్టే పనివారి గునపమే. వీధులు పరచుటకు ఆ రాయి తగినది గనుక, ఉద్యానవనానికి వంశపారంపర్య రక్షకులైన హాడింగ్టన్ ప్రభువులు దానిని కొట్టించి అమ్మినారు. చూపించిన గునపమే చెరిపివేయసాగినది. ఇనుపధాతువు చార గల ఒక రాతిని విడిచిపెట్టుమని హట్టనే పనివారిని కోరినాడని ప్రతీతి. ఆ రాయి నేటికీ నిలిచి ఉన్నది. తుదకు 1831లో ప్రభువుల సభ తీర్పుతో రాతిపని ఆగినది.

ఈ కథ మనకు పరాయిది కాదు. రాజమహేంద్రవరం సమీపాన కాతేరులోను, గోదావరికి పడమట పంగిడిలోను ఉన్న నల్లరాయి సుమారు 6.5 కోట్ల ఏండ్లనాటి లావా. ఆ లావాపొరల నడుమ ప్రాచీన గుల్లల శిలాజాలు దొరకినవి. ఆ రాతిని మనం కంకరగా కొట్టుచున్నాము. బాటలకు రాయి కావలసినదే. కాని గునపం తగులకముందు ఆ పుటను చదివేవారు ఒకరుండవలెను, చదువదగిన పుట ఒకటైనను మిగులవలెను.