'చరణ్‌దాస్ చోర్': సత్యం కోసం ప్రాణమిచ్చిన దొంగ కథ

రాజస్థానీ రచయిత విజయ్‌దాన్ దేథా జానపద సంప్రదాయం నుంచి గ్రహించిన ఒక నీతికథ ఛత్తీస్‌గఢీ నాటకంగానూ, బాలల చలనచిత్రంగానూ రూపుదాల్చింది. అదే 'చరణ్‌దాస్ చోర్'. రంగస్థలంపై దీనికి ప్రాణం పోసిన హబీబ్ తన్వీర్ 1923 సెప్టెంబరు 1న రాయ్‌పుర్‌లో జన్మించారు.

కథ ఇదీ: చరణ్‌దాస్ అనే దొంగ గురువు ఎదుట నాలుగు ప్రతిజ్ఞలు చేస్తాడు. బంగారు పళ్లెంలో భుజించనని, ఏనుగుపై ఊరేగనని, రాణిని పెళ్లాడనని, రాజ్యాన్ని స్వీకరించనని అంటాడు. దొంగకు అవి ఎన్నడూ ఎదురుకాని సందర్భాలు గనుక పరిహాసంగానే పలుకుతాడు. గురువు మాత్రం అసత్యమాడరాదన్న ఐదో నియమాన్నీ విధిస్తాడు. చివరకు ఆ నాలుగూ ఒక్కొక్కటిగా అతని ముందుకు వస్తాయి. పెళ్లికి నిరాకరించడమే కాక, ఆ సంగతిని దాచిపెడతానని మాట ఇవ్వలేకపోయినందుకు రాణి ఆజ్ఞతో ప్రాణాలు కోల్పోతాడు. సత్యహరిశ్చంద్రుడికి పోయిన రాజ్యం తిరిగి దక్కింది. ఈ దొంగకు ఏదీ దక్కలేదు.

1959లో 'నయా థియేటర్'ను స్థాపించిన తన్వీర్, 1973లో రాయ్‌పుర్‌లో 'నాచా' కళాకారులతో కార్యశాల నిర్వహించారు. గ్రామీణ నటులు తమ మాతృభాషలోనే నటించాలన్నది ఆయన పద్ధతి. ఈ నాటకంలో సత్నామీల 'పంథీ' గీతాలకూ చోటిచ్చారు. 1982లో ఎడిన్‌బరో ఉత్సవంలో ఇది 'ఫ్రింజ్ ఫస్ట్' పురస్కారం పొందింది.

1975లో హైదరాబాద్‌కు చెందిన దర్శకుడు శ్యామ్ బెనెగల్ బాలల చలనచిత్ర సంస్థ కోసం దీనిని తెరకెక్కించారు. లాలూరామ్ చరణ్‌దాస్ పాత్ర పోషించగా, స్మితా పాటిల్ రాకుమారిగా కనిపించారు. అనంతరం బెనెగల్ తెలుగులో 'అనుగ్రహం' చిత్రాన్ని కూడా రూపొందించారు.

తన్వీర్ 2009 జూన్ 8న భోపాల్‌లో కన్నుమూశారు. రెండు నెలలకే, సత్నామీ సమాజానికి చెందిన కొందరి అభ్యంతరాల నేపథ్యంలో ఛత్తీస్‌గఢ్ ప్రభుత్వం ఈ నాటక గ్రంథంపై నిషేధం విధించింది. అబద్ధమాడలేక మరణించిన దొంగ కథ, దానిని ఆడిన నేలపైనే వివాదాస్పదమైంది. ఆ నిర్ణయాన్ని రంగస్థల కళాకారులు, రచయితలు తీవ్రంగా నిరసించారు.