తండ్రి చేతిలో కెమెరా

ఆదివారం సాయంత్రం రుషికొండ తీరాన నిలబడితే, అలలకు జడిసి కేరింతలు కొట్టే పిల్లల్ని ఫోనులో పట్టుకునే తండ్రులు వరసగా కనిపిస్తారు. యీ అలవాటు సినిమా అంత పాతది. 1895 డిసెంబరు 28న పారిస్‌లో లూమియేర్ సోదరులు టిక్కెట్టు పెట్టి చూపిన చిత్రాలలో ఒకదానిలో అగస్ట్ లూమియేర్ తన పసిపాపకు చెంచాతో తినిపిస్తాడు. అందులో కథ లేదు, విన్నపమూ లేదు. 1926లో జాన్ గ్రియర్సన్, ఫ్లాహెర్టీ తీసిన సమోవా చిత్రాన్ని సమీక్షిస్తూ దానికి ‘డాక్యుమెంటరీ’ విలువ వున్నదన్నాడు. మన కచేరీల భాషలో అది దస్తావేజు.

అరుదైన జబ్బుతో పుట్టిన బిడ్డ ఇంట్లో యీ దస్తావేజుకు పట్టిన గతి ఏమిటి?

స్పైనల్ మస్క్యులర్ అట్రోఫీలో వెన్నుపాములోని నాడీకణాలు నశించి కండరాలు చచ్చుబడతాయి. జబ్బు తీవ్రమైతే బిడ్డకు మెడ నిలవదు, ముద్ద మింగుడు పడదు. అలాంటి ఇంట్లో పూటభోజనం గంటల పని. ఆ శ్రమ, ఆ ఓపిక, మధ్యలో బిడ్డ నవ్విన నవ్వు - నిజానికి తండ్రి చిత్రించదగినవి ఇవే. కాని 2019లో అమెరికాలో అనుమతి పొందిన జోల్‌జెన్‌స్మా ఒక్క మోతాదుకు ఇక్కడ 16 కోట్ల రూపాయలయింది. 2021లో హైదరాబాదు దంపతులు చందాలు పోగుచేసి తమ బిడ్డకు ఆ మందు వేయించారు. వేలాదిమంది సామాన్యులు ఇచ్చారు. ఆ ఔదార్యాన్ని నేను తక్కువ చేయబోను. అయితే చందాల మీద బతకవలసిన చిత్రంలో బిడ్డ నవ్వు కన్న గొట్టాలు తగిలించిన ముక్కే ఎక్కువ పలుకుతుంది. బిడ్డను బజారున పెట్టాడని తండ్రిని ఆడిపోసుకునే పెద్దమనుషులున్నారు. బజారు తెరిచిందెవరో వారు అడగరు.

కేంద్రం 2021లో అరుదైన వ్యాధుల విధానం ప్రకటించింది. 2022లో సాయం పరిమితిని 50 లక్షలు చేసింది. అదే జబ్బుకు జీవితాంతం రోజూ తాగవలసిన రిస్డిప్లామ్‌ను రోష్ కంపెనీ సీసా ఆరు లక్షల పైచిలుకుకు అమ్మింది. లెక్క మీరే వేసుకోండి. హైదరాబాదు కంపెనీ నాట్కో అదే మందు తయారుచేయబోగా రోష్ పేటెంటు చూపి కోర్టుకెక్కింది. 2025 మార్చిలో ఢిల్లీ హైకోర్టు నాట్కోను ఆపడానికి నిరాకరించింది. అక్టోబరులో డివిజన్ బెంచి దాన్నే ఖాయపరచింది, సుప్రీంకోర్టు జోక్యం చేసుకోలేదు. నాట్కో సీసా వెల 15,900 రూపాయలు. నాట్కో ధర్మసత్రం కాదు, లాభానికే నడుస్తుంది. అయినా మందు అదే, వెల సుమారు నలభయ్యో వంతు. అంతకు ముందు తల్లిదండ్రులు కెమెరా ముందు చేతులు జోడించింది మందుకా, పేటెంటుకా?

రుషికొండ నుంచి పాడేరు ఒక పూట ప్రయాణం. ఆ ఏజెన్సీ గిరిజనుల్లో సికిల్ సెల్ జబ్బు అరుదైనది కూడా కాదు. దానికి వాడే హైడ్రాక్సీయూరియా పాత మందు, చవక మందు. ఎముకల నొప్పితో మెలికలు తిరిగే బిడ్డను ఒళ్లో వేసుకుని అక్కడి తల్లి తెల్లవార్లూ కూర్చుంటుంది. గుడ్డి దీపం వెలుగులో, చిత్రించే వాళ్లెవరూ లేకుండా.