పండగ టర్కీ, పక్కన పుల్లటి సాస్

అమెరికన్ రచయిత రాయగా అమెరికాలో అచ్చయిన తొలి వంటల పుస్తకం 1796లో కనెక్టికట్‌లోని హార్ట్‌ఫర్డ్‌లో వెలువడింది. పట్టుమని యాభై పేజీలు కూడా లేని పుస్తకం. రాసినావిడ పేరు అమీలియా సిమన్స్. తన పేరు పక్కన ‘అమెరికన్ అనాథ’ అని వేయించుకుంది.

టర్కీ కోడి ఎలా వండాలో అందులో వివరంగా ఉంది. ఒక పౌను మెత్తటి గోధుమ రొట్టె, మూడు ఔన్సుల గొడ్డు కొవ్వు, మూడు గుడ్లు, థైమ్, మార్జోరమ్ ఆకులు, మిరియాలు, ఉప్పు కలుపుకోవాలి. ఇష్టమైతే కాస్త వైను పోసుకోవచ్చు. గుత్తొంకాయలో కారం కూరినట్టు ఈ ముద్దను కోడి పొట్టలో కూరి, కుట్టేసి, నిలకడగా మండే నిప్పు ముందు వేలాడదీయాలి. మాటిమాటికీ ఉప్పునీళ్లు పోస్తూ, రొమ్ము దగ్గర ఆవిరి పుట్టేదాకా కాల్చాలి. వడ్డించేటప్పుడు పక్కన ఉడికించిన ఉల్లిపాయలు, క్రాన్‌బెర్రీ సాస్, ఊరగాయలు ఉండాలి. ఆ ఊరగాయల్లో ‘మామిడి’ కూడా ఉంది! ఇండియా నుంచి ఓడల్లో వెళ్లిన మామిడి ఊరగాయ రుచి మరిగిన ఇంగ్లిష్‌వాళ్లు, పచ్చి మామిడి దొరక్క, లేత కర్బూజా, దోస లాంటి కాయల్ని తొలిచి, మసాలా కూరి, వెనిగర్‌లో ఊరబెట్టి ఆ పేరే పెట్టుకున్నారు. అట్లాంటిక్ దాటి ఆ ఊరగాయ కూడా టర్కీ పక్కన చేరింది.

కూరిన టర్కీ, పుల్లటి పండు సాస్ కలిసి ఒకే వాక్యంలో కనిపించే తొలి అమెరికన్ వంటకం ఇదే. అయితే అమెరికా బడి పిల్లలు చదువుకునే థ్యాంక్స్‌గివింగ్ పండగ కథ మాత్రం 1621తో మొదలవుతుంది.

మేఫ్లవర్ ఓడలో 102 మంది ఇంగ్లిష్ ప్రయాణికులు 1620 చివర్లో మసాచుసెట్స్ తీరం చేరారు. తొలి చలికాలం గడిచేసరికి దాదాపు సగం మంది చనిపోయారు. మిగిలినవాళ్లు మరుసటి ఏడాది పంట చేతికొచ్చాక ప్లిమత్‌లో మూడు రోజులు విందు చేసుకున్నారు. వాంపనోగ్ తెగ నాయకుడు మాససోయిట్ సుమారు 90 మందితో వచ్చాడు. వాళ్లు ఐదు జింకల్ని వేటాడి తెచ్చారు. ఎడ్వర్డ్ విన్‌స్లో అనే వలసదారు రాసిన ఉత్తరంలో పిట్టల వేట గురించి ఉంది కానీ టర్కీ పేరు లేదు. ఆ చుట్టుపక్కల అడవి టర్కీలు మెండుగా ఉండేవని గవర్నర్ బ్రాడ్‌ఫర్డ్ రాశాడు కాబట్టి వండే ఉండొచ్చు. చక్కెరతో ఉడికించిన సాస్ మాత్రం ఉండే అవకాశం దాదాపు లేదు. ఆ కొత్త ఊళ్లో చక్కెర కరువు.

ఈ విందుకు మేఫ్లవర్ యాత్రికుల పేరు స్థిరపడింది గానీ, పళ్లెంలో ఉన్నదంతా ఇతరుల చలవే. టర్కీని మచ్చిక చేసింది ప్రాచీన మెక్సికో ప్రజలు. పదహారో శతాబ్దంలో స్పెయిన్ వాళ్లు దాన్ని ఐరోపాకు పట్టుకెళ్లారు. అక్కడి నుంచి ఇంగ్లండ్ చేరి, వలసదారులతో మళ్లీ ఓడెక్కి అమెరికాకు తిరిగొచ్చింది. పోర్చుగీసుల ఓడల్లో గోవాకూ చేరింది. 1612లో కొలువు అధికారి ముకర్రబ్ ఖాన్ గోవా నుంచి ఒక టర్కీని తెచ్చి ఇస్తే మొగల్ చక్రవర్తి జహంగీర్ ముచ్చటపడి ఆస్థాన చిత్రకారుడు మన్సూర్ చేత బొమ్మ గీయించాడు. ఆ బొమ్మ నేటికీ లండన్‌లోని విక్టోరియా అండ్ ఆల్బర్ట్ మ్యూజియంలో ఉంది. క్రాన్‌బెర్రీ అయితే పూర్తిగా ఆ నేల పండే. వలసదారులు రాకముందు నుంచే స్థానిక తెగలు దాన్ని ఎండు మాంసంతో, కొవ్వుతో కలిపి దంచి నిల్వ చేసుకునేవి.

ఈ పండగను దేశమంతటికీ తెచ్చిపెట్టింది ఒక వితంతువు. 1822లో భర్త పోయాక సారా జోసెఫా హేల్ మీద ఐదుగురు పిల్లల భారం పడింది. కలంతోనే ఇల్లు నెట్టుకొచ్చింది. మేరీ వెంట బడికి వెళ్లిన గొర్రెపిల్ల గేయం మన కాన్వెంటు పిల్లలకూ కంఠతా వచ్చు. అది రాసింది ఈవిడే. 1827లో వెలువడిన ‘నార్త్‌వుడ్’ నవలలో థ్యాంక్స్‌గివింగ్ భోజనాన్ని వర్ణిస్తూ, కూరిన టర్కీని బల్ల మీద అగ్రస్థానంలో కూర్చోబెట్టింది. పత్రికా సంపాదకురాలయ్యాక, దేశమంతా ఒకే రోజున ఈ పండగ జరుపుకోవాలని 1846 నుంచి ఏటా సంపాదకీయాలు రాసింది. గవర్నర్లకూ, అధ్యక్షులకూ ఉత్తరాలు రాసింది. పదిహేడేళ్లు పట్టు విడవలేదు. అంతర్యుద్ధం నడుస్తుండగా 1863 సెప్టెంబరు 28న లింకన్‌కు రాసింది. వారం తిరక్కుండానే, అక్టోబరు 3న, నవంబరు ఆఖరి గురువారం జాతీయ పండగ అని ప్రకటన వచ్చింది. అది నాలుగో గురువారంగా చట్టంలోకి ఎక్కింది 1941లో. అమెరికా పండగల చరిత్రలో హేల్‌కు దక్కాల్సినంత పేరు దక్కలేదు.

క్రాన్‌బెర్రీ సాగుది మరో దారి. కేప్ కాడ్‌లోని డెనిస్ ఊళ్లో హెన్రీ హాల్ అనే మాజీ సైనికుడు, గాలికి ఇసుక కొట్టుకొచ్చి పడిన చోట తీగలు ఏపుగా కాయడం గమనించాడు. 1816 ప్రాంతంలో తానే ఇసుక చల్లి సాగు మొదలుపెట్టాడు. 1912లో మార్కస్ యురాన్ అనే లాయరు సాస్‌ను డబ్బాల్లో నింపి అమ్మాడు. 1930లో పోటీదారులతో కలిసి సహకార సంఘం పెట్టాడు. అదే నేటి ఓషన్ స్ప్రే. డబ్బా గాట్లు ఒంటి మీద అలాగే ఉండి, అడ్డంగా చక్రాలు కోసి వడ్డించే ఎర్ర జెల్లీ అలా వచ్చింది.

1959 నవంబరు 9న పిడుగులాంటి వార్త పడింది. కొన్ని క్రాన్‌బెర్రీల్లో అమైనోట్రయజోల్ అనే కలుపు మందు ఉందనీ, ఎలుకల్లో అది క్యాన్సర్ కలిగించిందనీ ఆరోగ్య మంత్రి ఆర్థర్ ఫ్లెమింగ్ ప్రకటించాడు. పండగకు మిగిలింది పదిహేడు రోజులే. దుకాణాలు సరుకు తీసేశాయి. భయం లేదని చూపించడానికి నాటి ఉపాధ్యక్షుడు నిక్సన్ నాలుగుసార్లు వడ్డించుకు తిన్నాడు, సెనేటర్ కెనెడీ రసం తాగాడు. వైట్‌హౌస్‌లో మాత్రం ఆ ఏడు ఆపిల్ సాస్ వడ్డించారు. కొవ్వు బాతుకు జతగా ఇంగ్లండ్‌లో తరతరాలుగా తింటున్న సాస్ అది. ఏ పండైనా చేసే పని ఒకటే. పులుపు తగిలితేనే కొవ్వు వెగటు కొట్టదు.

సాస్ తేలిక. 340 గ్రాముల పండ్లకు కప్పు చక్కెర, కప్పు నీళ్లు. పొయ్యి మీద పది నిమిషాల్లో పండ్లు టపటపా చిట్లుతాయి. వాటిలోని పెక్టిన్ వల్ల చల్లారాక దానంతటదే గడ్డకడుతుంది. కష్టమంతా కోడి దగ్గరే. పొట్టలో కూరిన ముద్ద నడిమధ్య 74 డిగ్రీల సెల్సియస్ వేడి అందకపోతే ప్రమాదం. అందేదాకా ఉంచితే రొమ్ము మాంసం పీచుపీచుగా ఎండిపోతుంది. అందుకే చాలామంది ఆ ముద్దను విడిగా ట్రేలో బేక్ చేస్తున్నారు. అమెరికా దక్షిణాది వాళ్లయితే మొక్కజొన్న రొట్టెతో చేస్తారు.

ఈ పండగ రోజే ప్లిమత్‌లో మరో సమావేశమూ జరుగుతుంది. 1970లో, మేఫ్లవర్ వచ్చి 350 ఏళ్లయిన సందర్భంగా, ఫ్రాంక్ జేమ్స్ అనే వాంపనోగ్‌ను మాట్లాడమని పిలిచారు. తన జాతి పోగొట్టుకున్న నేల గురించీ, ప్రాణాల గురించీ రాసుకున్న ప్రసంగం చూసి నిర్వాహకులు ఒప్పుకోలేదు. మాససోయిట్ విగ్రహం ఉన్న గుట్ట మీద ఆయన సంతాప దినం పాటించాడు. అప్పటి నుంచి ఏటా అక్కడ జనం చేరుతూనే ఉన్నారు. ఆ ఐదు జింకల సంగతి చెప్పే పాఠంలో ఈ సంగతీ ఉండి తీరాలి.

క్రాన్‌బెర్రీకి చలి కావాలి. ఫ్లోరిడాలో పండదు. అందుకని ఇరవయ్యో శతాబ్దం తొలినాళ్లలో అక్కడివాళ్లు మన ఎర్ర గోంగూర జాతిదే అయిన రోజెల్ మొక్కను పెరట్లో పెంచి, పువ్వు రాలాక మిగిలే ఎర్రటి పుల్లటి రేకల్ని చక్కెరతో ఉడికించి సాస్‌గా తిన్నారు. ‘ఫ్లోరిడా క్రాన్‌బెర్రీ’ అని దానికి పేరు కూడా పెట్టారు. ఇప్పుడు అమెరికాలోని తెలుగిళ్లలో దీనికి తిరగేసిన పని జరుగుతోంది. వాక్కాయ దొరకని చోట క్రాన్‌బెర్రీతో పప్పు, పచ్చడి, పులిహోర చేస్తున్నారు. తాజా పండు దుకాణాల్లోకి వచ్చేది ఏడాదికి ఒక్క కాలంలోనే కాబట్టి నవంబరులోనే సంచులు కొని ఫ్రీజర్‌లో దాస్తున్నారు.