మన సినిమా కథల వెనకున్న నవలల రాణి: యద్దనపూడి సులోచనారాణి

ఇవాళ ఒక ప్రశ్నతో మొదలుపెడదాం. ‘అఆ’ చూశారా? త్రివిక్రమ్ డైరెక్షన్, నితిన్, సమంత, 2016. సిటీలో డబ్బున్న ఇంటి అమ్మాయి, అన్నీ తానే డిసైడ్ చేసే అమ్మ, ఊళ్లో మేనమామ ఇల్లు, అక్కడొక బావ. ఇదంతా చూసి మన జనరేషన్ భలే ఉందనుకుంది. మన అమ్మల జనరేషన్ మాత్రం, ‘ఇది మీనా కదా!’ అంది.

‘మీనా’ ఒక నవల. రాసింది యద్దనపూడి సులోచనారాణి. సినిమా రాగానే ఆ నవల చదివినవాళ్లు పోలికలు పట్టేశారు. మరి రచయిత్రి పేరేది అని గట్టిగానే అడిగారు. చివరికి ఆవిడకి క్రెడిట్ దక్కింది. కానీ అడగాల్సి వచ్చింది చూడండి, అదీ ఇవాళ్టి పాయింట్. ఎందుకంటే ఇండస్ట్రీకి ఆవిడ కొత్త మనిషి కాదు.

సులోచనారాణి గారిది కృష్ణా జిల్లా కాజ గ్రామం. పెళ్లయ్యాక హైదరాబాద్ వచ్చారు. 1960ల్లో ‘జ్యోతి’ మాసపత్రికలో ‘సెక్రటరీ’ సీరియల్‌గా వచ్చింది. అప్పట్లో సీరియల్ అంటే ఇవాళ్టి వెబ్ సిరీస్ లెక్కే, కాకపోతే తర్వాతి ఎపిసోడ్‌కి నెల రోజులు ఆగాలి. పత్రిక ఇంటికి రాగానే ముందు ఎవరు చదవాలని గొడవ. ఆ పేజీలు చింపి, కుట్టి, బైండు చేయించి దాచుకునేవాళ్లు. కొనలేనివాళ్లకి అద్దె పుస్తకాల షాపు ఉండనే ఉంది.

ఇప్పుడు ప్రొడ్యూసర్ వైపు నుంచి ఆలోచించండి. సాఫ్ట్‌వేర్‌లో అయితే ముందు బీటా రిలీజ్ చేసి, యూజర్లు ఏమంటారో చూస్తాం. పత్రికలో హిట్టయిన సీరియల్ అంటే బీటా టెస్ట్ పాసైన కథ. ఆ పాఠకుల్లో ఎక్కువమంది ఆడవాళ్లు. వాళ్లు థియేటర్‌కి వస్తే కుటుంబం మొత్తం వచ్చినట్టే.

ఈ లెక్క బాగా తెలిసిన మనిషి డి. రామానాయుడు. 1971లో ఆయనకి పెద్ద హిట్ ఇచ్చిన ‘ప్రేమ్‌నగర్’ కూడా ఒక రచయిత్రి నవలే, కోడూరి కౌసల్యాదేవి గారిది. ఆ తర్వాత సులోచనారాణి గారి నవలలతో ఆయన తీసిన సినిమాలు చూడండి: 1973లో ‘జీవన తరంగాలు’, 1976లో ఏఎన్ఆర్, వాణిశ్రీలతో ‘సెక్రటరీ’, 1981లో ‘అగ్నిపూలు’. అటు ‘మీనా’ని కూడా 1973లోనే విజయనిర్మల సినిమాగా తీశారు. తెలుగులో ఆవిడ డైరెక్ట్ చేసిన మొదటి సినిమా అదే. ఒక ఆడమనిషి రాసిన కథతో ఇంకో ఆడమనిషి డైరెక్టర్ అయ్యారు, అదీ 1973లో!

అప్పటికి ఇండస్ట్రీ ఎక్కువగా మద్రాసులోనే ఉంది. తర్వాత హైదరాబాద్ వచ్చేసింది. ఇవాళ ఫిల్మ్ నగర్‌లో రామానాయుడు స్టూడియో ల్యాండ్‌మార్క్. జూబ్లీహిల్స్ వైపు నుంచి వెళ్లే ప్రతి ఒక్కరికీ ఆ పేరు తెలుసు. ఆ బ్యానర్ నిలబడటానికి సాయపడ్డ కథలు రాసినవాళ్ల పేర్లు ఎంతమందికి తెలుసు?

ఆవిడ మీద విమర్శ కూడా ఉంది. ఆరడుగుల హీరో, పెద్ద కారు, బంగళా... ఆడపిల్లల్ని కలల్లో ముంచేశారని అన్నారు. అందులో నిజం లేకపోలేదు. కానీ ‘సెక్రటరీ’లో జయంతిని చూడండి. డబ్బు లేని ఇల్లు, ఉద్యోగం చేసి తీరాలి. ఎదురుగా రాజశేఖరం, అన్నీ ఉన్నవాడు. అతను ఇష్టమే, అయినా ఆత్మగౌరవం వదులుకోదు. ఆఫీసుకెళ్లే అమ్మాయిని జనం వింతగా చూసే రోజుల్లో అలాంటి అమ్మాయిని హీరోయిన్ చేయడం చిన్న విషయం కాదు. పైగా ఇప్పటి మన సినిమాల్లో ఎంతమంది హీరోయిన్లకి ఉద్యోగం, జీతం, సొంత అభిప్రాయం ఉంటున్నాయి?

సులోచనారాణి గారు 2018 మేలో కాలిఫోర్నియాలో కన్నుమూశారు. అభిమానులు ఆవిడని ‘నవలా దేశపు రాణి’ అనేవాళ్లు.

కోడింగ్‌లో ఒక పద్ధతుంది. ఎవరిదైనా ఓపెన్ సోర్స్ కోడ్ వాడుకుంటే, లైసెన్స్ ఫైల్లో వాళ్ల పేరు తీసేయకూడదు. కోడ్ ఎంత మార్చినా సరే. కథకి కూడా అంతే మర్యాద దక్కాలి కదా? పేరు వేస్తే డైరెక్టర్ గొప్పతనం ఏం తగ్గదు. పేరు లేకపోతే మాత్రం, తర్వాత వచ్చేవాళ్లకి ఆ రచయిత్రి ఉన్నారన్న సంగతే తెలియదు.

ఒక పని చేయండి. ఇంట్లో అమ్మనో అమ్మమ్మనో అడగండి, యద్దనపూడి నవలల్లో ఏది ఎక్కువ ఇష్టమని. వాళ్లు చెప్పిన నవల పేరు కామెంట్స్‌లో పెట్టండి. ఎక్కువమంది చెప్పిన నవల మీద ఇంకో ఎపిసోడ్ చేద్దాం. ఉంటా మరి, బై!